పక్కింటావిడ ఇచ్చిన చారల పువ్వుల మొక్క

ప్రశ్న:

మేము న్యూజెర్సీలోని ఎడిసన్‌లో ఉంటాం. రెండేళ్ల క్రితం వసంతంలో మా పక్కింటి ఇటాలియన్ పెద్దావిడ చిన్న కుండీల్లో మూడు మొక్కలు ఇచ్చారు. పేరు ‘మాల్వా’ అన్నారు. లేత గులాబీ రేకల మీద ముదురు ఊదా చారలు, సన్నటి కుంచెతో గీసినట్టు ఉంటాయి. పోయిన వేసవిలో డెక్ రెయిలింగ్ ఎత్తు పెరిగి విరగబూశాయి. చలికాలంలో ఆవిడ ఇల్లు అమ్మేసి నార్త్ కరోలినాలో కూతురి దగ్గరికి వెళ్లిపోయారు. ఈ ఏడు మొక్కలకు ఏదో అయింది. ఆకుల అడుగున నారింజ రంగు పొక్కులు లేచాయి. కింది ఆకులు పసుపెక్కి రాలిపోతున్నాయి. గట్టి వాన పడితే కాడలు నేలకు ఒరుగుతున్నాయి. జూన్‌లో ఒక మొక్కను తవ్వి, ఎండ బాగా తగిలే చోటికి మార్చాను. వారంలో చచ్చిపోయింది. మాది జిగట మట్టి, పెరట్లో బెండ కూడా వేశాం. సాయంత్రం పూట హోస్‌తో మొక్క మొత్తం తడిసేలా నీళ్లు పెడుతున్నాను, రెండు వారాలకోసారి ఎరువు వేస్తున్నాను. ఫొటోలు కూడా పంపుతున్నాను. ఇంకోపక్క ఇటుకల సందుల్లో కూడా పిల్ల మొక్కలు వస్తున్నాయి. అవి కలుపు మొక్కలు, పీకేయమని మా ఆయన గొడవ. మిగిలిన రెండూ పోతాయేమోనని టెన్షన్‌గా ఉంది. ఆవిడ గుర్తుగా మాకున్నవి ఇవే. వీటిని ఎలా బతికించాలి? ఇది గోంగూర జాతి అని విన్నాను, ఆకు వండుకోవచ్చా? తెనాలిలో అమ్మ వీడియో కాల్‌లో ఈ పువ్వులు చూసి గింజలు తెమ్మంటోంది. డిసెంబర్‌లో వెళ్తున్నాం, తీసుకెళ్లనా?

ఒక పాఠకురాలు, ఎడిసన్

సమాధానం:

మీరు పంపిన ఫొటోలు చూశాను. అది చారల మ్యాలోయే. విత్తనాల కేటలాగుల్లో జీబ్రా మ్యాలో అని రాస్తారు, కొందరు జీబ్రా హాలీహాక్ అని అమ్ముతారు. శాస్త్రీయ నామం మాల్వా సిల్వెస్ట్రిస్, అందులో ఈ చారల రకం పేరు జెబ్రీనా. మీ పక్కింటావిడ చెప్పిన ‘మాల్వా’ ఆ మొక్కకు ఇటలీలో ఇంటింటా ఉన్న పేరు. అక్కడ దగ్గు వస్తే, కడుపులో మంటగా ఉంటే మాల్వా కషాయం కాచుకుని తాగడం పాత అలవాటు. ఆవిడకు అది పూల మొక్క మాత్రమే అయి ఉండదు.

మీరు అడిగిన వాటిలో అన్నిటికన్నా ముఖ్యమైనది బతికించడం గురించి, అది ముందు చెప్తాను. ఈ మొక్క ఆయుష్షే తక్కువ. ఏ తెగులూ రాకపోయినా రెండు, మహా అయితే మూడేళ్లు. మొదటి ఏడు ఒళ్లు చేస్తుంది, రెండో ఏడు విరగబూస్తుంది, ఆ తర్వాత నీరసించిపోతుంది. పోయిన వేసవిలో మీరు చూసింది దాని నిండు వయసు. ఇప్పుడు జరుగుతున్నది మీ తప్పు వల్ల కాదు. ఆ రెండు ముదురు మొక్కల కోసం మందులు కొని, రోజూ కుంగిపోవద్దు. ఆవిడ ఇచ్చిన మొక్క ఇప్పుడు మీ పెరటి మట్టిలో, ఇటుకల సందుల్లో మళ్లీ మొలుస్తోంది. కాపాడుకోవాల్సింది ఆ పిల్ల మొక్కల్ని.

చచ్చిపోయిన మొక్క సంగతి చూద్దాం. మ్యాలోకు తల్లివేరు ముల్లంగిలా నేలలోకి నిటారుగా దిగుతుంది. రెండేళ్ల మొక్కకు అది ఎంత లోతు పోతుందంటే, మామూలు పారతో తవ్వితే మధ్యలో తెగడం ఖాయం. తెగిన వేరు పైనున్న అంత ఆకుకు నీళ్లు అందించలేదు. దానికి జూన్ ఎండ తోడైంది. మొక్క నాటిన చోటు నచ్చకపోయినా ముదిరాక కదపకూడదు. మార్చాలంటే రెండు మూడు అసలు ఆకులు వేసినప్పుడే మార్చాలి. మొలకెత్తగానే వచ్చే బుల్లి హృదయాకారపు జంట బీజదళాలు, అవి లెక్కలోకి రావు. వాటి తర్వాత, అంచులు గుండ్రంగా, చిన్న చిన్న తమ్మెలతో వచ్చేవే అసలు ఆకులు. అప్పుడు ముందు రోజు రాత్రి బాగా తడిపి, మర్నాడు సాయంత్రం చేతి తాపీని లోతుగా దించి, మట్టి గడ్డతో సహా ఎత్తి, కొత్త చోట పెట్టి వెంటనే నీళ్లు పోయాలి. మూడు నాలుగు రోజులు ఏదైనా బుట్ట బోర్లించి మధ్యాహ్నపు ఎండ నుంచి కాపాడితే చాలు. ఇటుకల సందుల్లో ఉన్నవి మాత్రం ఇలా రావు, వేరు ఇటుక కిందికి పోయి ఉంటుంది. ఇటుకను కదిపి తీయగలిగితే ఒకటి రెండు ప్రయత్నించండి. మట్టి నేలలో మొలిచినవే దక్కుతాయి.

ఇక నారింజ పొక్కులు. ఇది తుప్పు తెగులు. నిజంగా తుప్పులాగే వేలికి అంటుకుంటుంది, ముదిరితే గోధుమ రంగుకు తిరుగుతుంది. ఆకు పైన చూస్తే పసుపు మచ్చ, అదే చోట అడుగున చూస్తే పొక్కు. దీనికి కారణమైన శిలీంధ్రం పేరు పుక్సీనియా మాల్వాసియారమ్. పుట్టిల్లు దక్షిణ అమెరికా, మొదట గుర్తించింది చిలీలో. 19వ శతాబ్దం రెండో సగంలో యూరప్ చేరి, 1873 నాటికి ఇంగ్లండ్ తోటల్లో మ్యాలోకు దగ్గరి చుట్టమైన హాలీహాక్ పూల మొక్కలను ఊడ్చేసింది. ఆ తర్వాత అమెరికాకూ వచ్చింది. అంటే 150 ఏళ్ల నుంచి తోటమాలులు దీనితో కుస్తీ పడుతూనే ఉన్నారు. పూర్తిగా వదిలించుకున్నవాళ్లు లేరు, దానితో సర్దుకుని పూలు పూయించుకుంటున్నవాళ్లు బోలెడుమంది ఉన్నారు.

ఈ శిలీంధ్రం పద్ధతి తెలిస్తే ఏం చేయాలో తేలిపోతుంది. గోధుమ తుప్పులాంటి చాలా తుప్పు తెగుళ్లకు జీవితచక్రం పూర్తి కావాలంటే రెండు రకాల మొక్కలు కావాలి. దీనికి ఆ అవసరం లేదు. మ్యాలో, హాలీహాక్, వాటి దగ్గరి చుట్టాలు ఉంటే చాలు, వాటి మీదే పుట్టి వాటి మీదే బతుకుతుంది. చలికాలమంతా రాలిన ఆకుల్లో, మొక్క మొదట్లో మిగిలిన పచ్చని ఆకుల్లో దాక్కుంటుంది. వసంతంలో ఆకు మీద కొన్ని గంటలు తడి నిలిస్తే మొలకెత్తి, గాలికి, వాన చినుకుల తుంపరకు పై ఆకులకు ఎక్కుతుంది. అందుకే ఎప్పుడూ కింది ఆకులతో మొదలవుతుంది. మీరు సాయంత్రం పూట హోస్‌తో మొక్క మొత్తం తడిసేలా నీళ్లు పెడతానని రాశారు. ఆ అలవాటు ఒక్కటి మానండి. పొద్దున పూట, మొదట్లో మాత్రమే పోయండి. ఆకు రాత్రంతా తడిగా ఉంటే మనమే తుప్పుకు పాలు పోసి పెంచినట్టు.

ఈ వారంలో చేయాల్సిన పని. ఎండ కాసి ఆకులు పొడిగా ఉన్న రోజు చూసుకోండి. ముందు గార్బేజ్ బ్యాగ్‌ను మొక్క పక్కనే తెరిచి పెట్టుకోండి. పొక్కులున్న ఆకులన్నీ కోసి నేరుగా అందులో వేయండి, నేల మీద రాలినవి కూడా ఏరండి. కంపోస్ట్‌లో మాత్రం వేయొద్దు. ఇళ్లలో చేసే కంపోస్ట్ కుప్ప ఈ తెగులు చచ్చేంత వేడెక్కుతుందన్న నమ్మకం లేదు. తర్వాత కాడలను నేల నుంచి సుమారు ఆరు అంగుళాలు ఉంచి కోసేయండి. కోయడానికి చేయి రాదు, నాకు తెలుసు. పూలున్న కాడను కత్తిరించడం ఎవరికైనా కష్టమే. ఆ పూలు తెచ్చి ఒక గ్లాసులో పెట్టుకోండి. గింజ కట్టిన కాడ ఒకటి ఉంటే, దాన్ని వదిలేసి మిగతావి కోయండి. వేరులో సత్తువ ఉంటే రెండు మూడు వారాల్లో మొదట్లోంచి కొత్త ఆకు వస్తుంది, సెప్టెంబర్‌లో చలి మొదలయ్యేసరికి ఇంకోసారి పూస్తుంది. సత్తువ లేకపోతే చిగురించదు. రెండిటికీ సిద్ధంగా ఉండండి.

మందుల విషయానికి వస్తే, గంధకం పొడి లాంటివి తెగులు రాకముందు కొడితే కొంత అడ్డుకుంటాయి, వచ్చిన పొక్కును మాన్పలేవు. మొదట్లో నేను రెండు వేసవులు మందులు కొట్టి చూశాను. డబ్బు, శ్రమ పోయాయి, పొక్కులు పోలేదు. ఆకులు ఏరడం, మొక్కల మధ్య దూరం పెంచడం మొదలుపెట్టాకే తేడా కనిపించింది. పైగా ఈ పువ్వుల మీదికి తేనెటీగలు విపరీతంగా వస్తాయి. ఆకు తినాలన్న ఆలోచన కూడా మీకు ఉంది. కాబట్టి మందు జోలికి పోవద్దన్నదే నా సలహా.

అక్టోబర్‌లో తొలి మంచు పట్టాక ఆ రెండు పాత మొక్కలను వేళ్లతో సహా తీసేయండి. అవి చలికాలం బతకగలిగినా సరే తీసేయండి, వసంతంలో తుప్పు బయల్దేరేది వాటి మొదట్లోంచే. పిల్ల మొక్కల్లో పాత మొక్కకు వీలైనంత దూరంగా మొలిచినవి, ఆకు అడుగు శుభ్రంగా ఉన్నవి మూడో నాలుగో ఎంచుకుని, పైన చెప్పినట్టు రెండు మూడు ఆకుల దశలోనే ఇంకో చోట అడుగున్నర ఎడంగా పెట్టండి. న్యూజెర్సీ చలిని అవి తట్టుకుంటాయి. వాటి మొదట్లో రాలిన ఆకుల మల్చ్ దట్టంగా కప్పొద్దు, వేరు మెడ దగ్గర తేమ నిలిచి కుళ్లుతుంది. వచ్చే జూన్‌కు అవే మీ డెక్ పక్కన పూస్తాయి.

కాడలు ఒరగడం సంగతి చిన్నది. మీరు ప్రేమ కొద్దీ రెండు వారాలకోసారి ఎరువు వేస్తున్నారు కదా, దాని ఫలితం అది. బలమైన మట్టిలో మ్యాలో సన్నగా, పొడుగ్గా, మెత్తగా పెరుగుతుంది. దీనికి శరత్కాలంలో రెండు గుప్పెళ్ల కంపోస్ట్ చాలు. మీది జిగట మట్టి అన్నారు. నాటే చోట ఒక అడుగు లోతు తవ్వి కంపోస్ట్ కలిపి, పాదు చుట్టుపక్కల కన్నా కొంచెం ఎత్తుగా చేస్తే నీళ్లు నిలవవు. రోజుకు ఆరు గంటల ఎండ ఉంటే బాగుంటుంది, మధ్యాహ్నం కాస్త నీడ పడినా పర్వాలేదు. మే నెలలోనే, మొక్క అడుగు ఎత్తులో ఉన్నప్పుడే, వెదురు పుల్లలు మూడు గుచ్చి మెత్తటి తాడు చుట్టేయండి. పడిపోయాక లేపి కడితే కాడ మెడ విరిగినట్టే ఉంటుంది.

కలుపు మొక్కల విషయంలో మీ ఇంటాయన మాటలో నిజం ఉంది. దీని కాయ చూశారా? పువ్వు రాలాక ఆకుపచ్చ రక్షక పత్రాల మధ్య బుల్లి గుమ్మడికాయను నొక్కి పెట్టినట్టు ఉంటుంది. దాన్ని విప్పితే పది, పన్నెండు గింజలు చక్రంలా చుట్టూ పేర్చి ఉంటాయి. ఇంగ్లిష్ మాట్లాడే దేశాల్లో పిల్లలు దాన్ని జున్ను బిళ్ల అని పిలుస్తారు. ఒక్కో మొక్కకు అలాంటి కాయలు వందల్లో వస్తాయి. గింజ పైపెంకు గట్టిది, మట్టిలో ఏళ్ల తరబడి పడి ఉండి, తవ్వినప్పుడు మొలుస్తుంది. కాబట్టి మొత్తం వదిలేస్తే ఐదేళ్లలో పెరడంతా ఇదే అవుతుంది. మీరు ఎంచుకున్న మూడు నాలుగు తప్ప మిగతావి మొలకగా ఉన్నప్పుడే తీసేయడం న్యాయం. పొలం, అడవి పక్కన ఇల్లున్నవాళ్లు ఇంకా జాగ్రత్తగా ఉండాలి.

తీసేటప్పుడు ఒక తిరకాసు ఉంది. అమెరికాలో డ్రైవ్‌వే అంచుల్లో, లాన్లలో సాధారణంగా కనిపించే కలుపు మ్యాలో ఒకటుంది. దాని పేరు మాల్వా నెగ్లెక్టా. మొలకలో రెండూ ఒకేలా ఉంటాయి. దాని పువ్వుకూ సన్నటి చారలుంటాయి కానీ పువ్వు చిన్నది, పాలిపోయి ఉంటుంది. అది నేలకు అంటుకుని పాకుతుంది, మనది నిటారుగా లేస్తుంది. కాబట్టి నెల రోజులు ఆగితే తేడా తెలిసిపోతుంది. నెగ్లెక్టాను పీకేయండి, తుప్పు దాని మీదా ఉంటుంది, మీ మంచి మొక్కకు అక్కడి నుంచే అంటుకోవచ్చు. ఇంకో చుట్టం వెల్వెట్‌లీఫ్. ఆకు పట్టుకుంటే మఖమల్‌లా ఉంటుంది, పసుపు పువ్వు. మన ఊళ్లలో గట్ల మీద కనిపించే తుత్తురబెండకు అది దగ్గరిది, చూడగానే గుర్తుపడతారు. దాన్నీ తీసేయండి.

పురుగుల్లో రెండింటి గురించే చెప్తాను. జూన్ చివర నుంచి పచ్చగా మెరిసే తల, రాగి రంగు రెక్కలతో గుంపులుగా వచ్చేవి జపనీస్ బీటిల్స్. అమెరికాలో వాటిని మొదట చూసింది మీ రాష్ట్రంలోనే, 1916లో రివర్టన్ దగ్గర ఒక నర్సరీలో. మ్యాలో వాటికి ఇష్టమైన తిండి. పొద్దున్నే చలికి మందకొడిగా ఉంటాయి, అప్పుడు సబ్బు నీళ్ల డబ్బా కింద పట్టి ఆకును తడితే టపటపా పడతాయి. షాపుల్లో అమ్మే వాసన ఉచ్చులు పెట్టొద్దు, అవి పక్క వీధి పురుగుల్ని కూడా మీ ఇంటికి పిలుస్తాయి. రెండోది, ఆకు ముడిచి పట్టుదారాలతో కుట్టుకున్నట్టు ఉండి లోపల ముళ్ల గొంగళిపురుగు కనిపిస్తే దాన్ని చంపకండి. అది బహుశా పెయింటెడ్ లేడీ అనే సీతాకోకచిలుక పిల్ల. నాలుగు ఆకులు తింటుంది, మొక్కకు ఏమీ కాదు. మన దేశంలో కూడా తిరిగే సీతాకోకచిలుక అది.

ఇప్పుడు పువ్వు గురించి రెండు మాటలు. మీరు చారలు ఎవరో గీసినట్టున్నాయని రాశారు. ఆ గీతలు రేకలోని ఈనెల వెంబడే నడుస్తాయి, అన్నీ మధ్యలోకి చేరతాయి. తేనెటీగకు అది దారి చూపించే ముగ్గు, తేనె ఎక్కడుందో చెబుతుంది. పెరట్లో బెండ వేశామన్నారు కదా, ఒక బెండ పువ్వు కోసి దీని పక్కన పెట్టి చూడండి. రెండింటికీ ఐదు రేకలు, మధ్యలో కేసరాలన్నీ కలిసిపోయి ఒక స్తంభంలా లేచి ఉంటాయి. మందారానికీ, గోంగూరకూ, పత్తికీ, గంగరావికీ అదే గుర్తు. అవన్నీ మాల్వేసీ కుటుంబం. మన పెరళ్లలో పొలాల్లో ఇంత దగ్గరగా ఉన్న ఈ కుటుంబానికి పేరు వచ్చింది మీ పక్కింటావిడ చెప్పిన ఆ మాల్వా నుంచే. రంగుకూ దీని పేరే. ఫ్రెంచ్‌లో మ్యాలోను ‘మోవ్’ అంటారు. 1856లో లండన్‌లో 18 ఏళ్ల విలియం పెర్కిన్ మలేరియాకు వాడే క్వినైన్ తయారు చేయబోతే అనుకోకుండా ఒక ఊదా రంగు పుట్టింది. ప్రపంచానికి తొలి కృత్రిమ రంగుల్లో పేరు తెచ్చుకున్న దానికి తర్వాత మోవ్ అనే పేరే నిలిచింది.

మీ పిల్లలకు ఒకటి చూపించండి. ముదురు పువ్వుల రేకలు ఒక గుప్పెడు ఎండబెట్టి గ్లాసుడు వేడి నీళ్లలో వేస్తే నీలంగా దిగుతుంది. నిమ్మకాయ పిండితే కళ్లముందే గులాబీ రంగుకు మారుతుంది. శంఖుపుష్పం టీ చేసినవాళ్లకు ఇది తెలిసిన విద్యే. చారల రకంలో రంగు కాస్త తక్కువగా దిగుతుంది, రేకలు ఎక్కువ వేసుకోండి.

ఆకు వండుకోవచ్చా అన్నారు. వండుకోవచ్చు, కానీ గోంగూర అనుకుని వండితే నిరాశపడతారు. దీనిలో పులుపు లేదు. జిగురు ఉంటుంది, బచ్చలికి దగ్గర. లేత ఆకు కోసి, చింతపండో చింతచిగురో వేసి పెసరపప్పుతో చేస్తే బాగుంటుంది, వెల్లుల్లి పోపు ఘాటుగా ఉండాలి. మొరాకోలో దీన్ని బకూలా అంటారు, వెల్లుల్లి, జీలకర్ర, ఆలివ్‌లు, ఊరవేసిన నిమ్మకాయతో మగ్గిస్తారు. మన ఊరగాయ నిమ్మకాయ ముక్కతో అలాగే చేసి చూడొచ్చు. పాలస్తీనాలో, ఆ చుట్టుపక్కల దేశాల్లో ఖుబ్బేజా పేరుతో చలికాలపు ఆకుకూర. 1948లో జెరూసలేం ముట్టడిలో తిండికి కటకటలాడిన జనం బీళ్లలో పెరిగే మ్యాలో ఆకు కోసుకుని వండుకుని గడిపారు. పేదవాడి పొట్ట నింపిన మొక్క ఇది. అయితే ఈ ఏడాది మీ మొక్కల ఆకు వద్దు. తుప్పు పట్టిన ఆకు తినే ఆకు కాదు, పైగా మీరు ఎరువు ఎక్కువ వేశారు, ఎరువు బాగా తిన్న మ్యాలో ఆకుల్లో నైట్రేట్ పేరుకుంటుంది. వచ్చే ఏడు, ఎరువు వేయని మొక్క లేత ఆకు మొదటిసారి కొంచెమే వండి చూడండి. ఇటుకల దారి పక్కన, కుక్కలు తిరిగే చోట పెరిగింది ఎప్పుడూ వద్దు.

మందుగా వాడే విషయంలో ఒక హెచ్చరిక. హైదరాబాద్ యునానీ దుకాణాల్లో జోషాందా అనే జలుబు, దగ్గు కషాయం దినుసుల్లో ఖుబ్బాజీ అని గింజలు ఇస్తారు, అది ఈ మొక్క గింజే. అంతమాత్రాన పెరట్లోది కాచి పిల్లల దగ్గుకు పట్టించకండి. గర్భిణులు, రోజూ మందులు వాడేవాళ్లు డాక్టర్‌ను అడగకుండా కషాయాలు తాగకూడదు.

ఇక అమ్మగారి కోరిక. గింజలు సూట్‌కేసులో పెట్టి తీసుకెళ్లొద్దు. నాటే గింజలు భారతదేశంలోకి తేవాలంటే దిగుమతి అనుమతి, అమెరికా వ్యవసాయ శాఖ ఇచ్చే ఆరోగ్య ధ్రువపత్రం ఉండాలి. 2003 నాటి ప్లాంట్ క్వారంటైన్ ఉత్తర్వు అదే చెబుతోంది. చిటికెడు గింజలే కదా అనిపిస్తుంది. కానీ ఆ చిలీ తుప్పు సముద్రాలు దాటింది ఎవరో ఇష్టపడి మోసుకెళ్లిన మొక్కలతోనే. ఈ తెగులు మొక్కల గింజల పొట్టు మీద కూడా అంటుకుని పోతుంది, మీ మొక్కలకు ఇప్పుడు ఆ తెగులుంది. మన బెండ, పత్తి పొలాలున్న గుంటూరు ప్రాంతానికి మ్యాలో జాతి గింజలను చూసీ చూడనట్టు తీసుకెళ్లడం నాకు మనసొప్పదు.

అమ్మగారికి ఇంకో దారి ఉంది. మన దేశపు విత్తన కంపెనీలు చలికాలపు పూల గింజల్లో హాలీహాక్ అమ్ముతాయి, అది మ్యాలోకు అక్కచెల్లెలు. కార్తీకంలో, వానలు వెనక్కి తగ్గాక నాటమనండి. గింజలు రాత్రంతా నీళ్లలో నానబెట్టి, కనీసం అడుగు లోతున్న కుండీలో పావు అంగుళం లోపల పెట్టాలి. రెండు మూడు వారాల్లో మొలుస్తాయి, ఉగాది ముందు పూలు చూడొచ్చు. తెనాలి మే ఎండకు మాత్రం నిలవవు. అక్కడ వాటిని ఒక్క కాలపు మొక్కగానే చూడాలి, ఎండాకాలం దాటించాలని నీళ్లు పోస్తూ కూర్చోవద్దని చెప్పండి.

అమ్మగారికి చారలే కావాలంటే, ఆ ఊళ్లోనే ఏదో ఒక పాత పెరట్లో చంద్రకాంత ఉంటుంది. సాయంత్రం విచ్చుకుని, పొద్దెక్కేసరికి ముడుచుకుపోయే పువ్వు. నల్ల మిరియం లాంటి గింజ. పసుపు మీద గులాబీ చారలు, తెలుపు మీద ఎర్ర చుక్కలు, ఒకే మొక్క మీద ఒక పువ్వులా ఇంకోటి ఉండదు. మ్యాలో చార ఈనె వెంట నడుస్తుంది కాబట్టి అన్ని పువ్వులకూ ఒకటే. చంద్రకాంత చారలు ఆ మొక్క జన్యువుల్లో కొన్ని ముక్కలు తమ చోటు మారడం వల్ల వచ్చేవి, అందుకే ఏ పువ్వుది ఆ పువ్వుకే. తెనాలి ఎండ దానికి లెక్కలేదు. గింజలు, దుంప విషం కాబట్టి చిన్నపిల్లలకు అందకుండా చూసుకోమనండి. డిసెంబర్‌లో మీరు వెళ్లినప్పుడు అమ్మగారికి ఎవరింట్లోంచైనా నాలుగు గింజలు అడిగి నాటి ఇవ్వండి.

మీ మ్యాలో గింజలు చేరాల్సిన ఇల్లు ఒకటి నార్త్ కరోలినాలో ఉంది. సెప్టెంబర్‌లో, వదిలేసిన ఆ ఒక్క కాడ మీద కాయలు గోధుమ రంగుకు తిరిగి ఎండినప్పుడు కోయండి. అరచేతుల మధ్య నలిపి పొట్టంతా ఊదేసి, శుభ్రమైన గింజలు మాత్రమే ఏరండి. రెండు మూడు రోజులు నీడలో ఆరబెట్టి, ప్లాస్టిక్ కాకుండా కాగితపు కవర్లో వేయండి. సగం మీకు. సగం పక్కింటావిడకు, మొక్క పూసినప్పటి ఫొటో ఒకటి పెట్టి. ‘గింజల్ని గరుకు కాగితం మీద ఒకసారి రుద్ది, రాత్రి నానబెట్టి నాటండి’ అని రాయండి, బహుశా ఆవిడకు మనకన్నా బాగా తెలిసే ఉంటుంది. కాయను గిల్లితే లోపల ఇంకా పచ్చగా, మెత్తగా ఉంటే తొందరపడకుండా మరో వారం కాడ మీదే ఉంచండి.